మైల వీధిలో అడగకుండా రాసిన జవాబులు

రోగం ఉన్న ఇంటి తలుపు కొట్టడం పెద్ద పని కాదు. లోపలివాళ్ళు ఎవరొస్తారా అని చూస్తూనే ఉంటారు. రోగం లేని ఇంటి తలుపు కొట్టి "మీకెందుకు రాలేదమ్మా?" అని అడగండి చూద్దాం. చీపురు తిరగేస్తారు. ముప్ఫయ్యేళ్ళ పైచిలుకు నేను తిన్న జీతం అలా తలుపులు కొట్టి తిన్నదే.

మొన్న కొత్తగా ఉద్యోగంలో చేరిన పిల్లలు నలుగురు లంజిపల్లిలో మా ఇంటికి వచ్చారు. "మాఉసీ, మీ అనుభవాలు ఏవైనా రాసి ఇవ్వండి" అన్నారు. మాఉసీ అంటే ఒడియాలో పిన్ని. నాది అయిదో తరగతి చదువు. గొప్పలు రాద్దామని కూర్చుంటే అర పేజీ కూడా నిండలేదు. అందుకని ఒక తప్పు రాస్తున్నాను. తప్పయితే ఎంత దూరమైనా సాగుతుంది.

నేను బరంపురంలో రోగాల లెక్కలు చూసే ఆఫీసులో అటెండరుని. టీ తేవడం, ఫైళ్ళు మోయడం నా పని. పుట్టింది ఛత్రపూర్ అవతల సముద్రం ఒడ్డున, తెలుగు జాలర్ల ఊళ్ళో. ఇంట్లో తెలుగు, సంతలో ఒడియా. ఈ రెండు నాలుకల పుణ్యాన టీ కప్పుల దగ్గర్నుంచి జీపులోకి ఎక్కాను. ఎక్కించింది మా డాక్టరమ్మ.

ఆవిడది భంజనగర్. ఒడియా ఆవిడ. ఎపిడెమియాలజిస్టు. ఆ మాట తిరగడానికి నా నోటికి రెండేళ్ళు పట్టింది. ఊళ్ళవాళ్ళు అంత కష్టపడలేదు, "అడుగుడు డాక్టరమ్మ" అని తేల్చేశారు. ఎందుకంటే ఆవిడ సూది వేయదు, మాత్ర ఇవ్వదు, నాడి పట్టదు. నిన్నేం తిన్నావు, మొన్న ఎక్కడ తాగావు, ఎవరితో కూర్చున్నావు, అదే పని. ఆవిడ తల్లి భంజనగర్ నుంచి వారం వారం ఫోను చేసి "ఇవాళైనా ఎవరికైనా మందిచ్చావా?" అని అడిగేది. "లేదమ్మా, ఇవాళ కూడా అడిగాను" అనేది ఈవిడ. అవతల పెద్దావిడ నిట్టూర్పు నాకు ఇవతలికి వినబడేది.

డాక్టరమ్మ తెలుగు నాదగ్గరా, మా జీపు డ్రైవరు దగ్గరా నేర్చుకుంది. అందువల్ల ఆవిడది చేపల రేవు తెలుగు అయింది. ఆఫీసు పనంతా ఒడియాలోనే మాట్లాడేది కానీ ఆకలి, కోపం, ఆశ్చర్యం వస్తే మాత్రం తెలుగు వచ్చేది. పెద్ద పెద్ద ఆఫీసర్ల ముందు "ఏటి?" అని లేచి నిలబడేది. డ్రైవరు కూతురి పెళ్ళిలో ఎవరో ఇద్దరు వాంతులు చేసుకున్నారని విని, తింటున్న ఆకు వదిలేసి, పంక్తి వెంట నడుస్తూ "నువ్వు పాయసం తిన్నావా, నువ్వు పెరుగు వేసుకున్నావా" అని అడగడం మొదలుపెట్టింది. వియ్యంకుడు అలిగి విడిదికి వెళ్ళిపోయాడు. అతణ్ణి బతిమాలి తీసుకురావడం నా వంతయింది.

ఇక ఆ సంవత్సరం సంగతి. ఎండలు ముదిరిన రోజులు. నేను పుట్టిన ఊరి నుంచే కబురు వచ్చింది. రెండు రోజుల్లో ఊళ్ళో సగం మంది విరేచనాలతో పడ్డారు. కలరా అన్న మాట ఎవరూ నోటితో అనలేదు గానీ అందరి ముఖాల మీదా అదే రాసి ఉంది. ముసలివాళ్ళు ఇద్దర్ని బరంపురం పెద్దాసుపత్రికి తీసుకుపోయారు. మిగతావాళ్ళు బడి వరండాలో వరసగా చాపల మీద, సెలైను సీసాలు కిటికీ ఊచలకు వేలాడుతూ ఉన్నారు.

మేం వెళ్ళాం. ఊరంతా ఒకే బావి, రెండు గొట్టపు బావులు. అందరూ అవే నీళ్ళు తాగుతున్నారు. కానీ ఊరికి దక్షిణాన ఒక వీధిలో ఒక్కరికీ ఏమీ కాలేదు. ఆ వీధంతా ఒకే ఇంటిపేరువాళ్ళు. ఆ ఇంటిపేరులో పెద్దాయన వారం కిందట పోయాడు. కాబట్టి వీధి మొత్తానికి మైల.

ఆ మాట వినగానే డాక్టరమ్మ కళ్ళు పండక్కి కొత్త చీర చూసినట్టు వెలిగాయి. "మాఉసీ, నాకు ఆ వీధి కావాలి. పడ్డవాళ్ళు చెప్పేది సగం కథే. పడనివాళ్ళు ఏం తిన్నారో, ఏం తినలేదో కూడా తెలిస్తేనే ఏదైనా తేలుతుంది. ఇది నీ ఊరు, వాళ్ళు నీ వాళ్ళు. ఆ ఇళ్ళు నువ్వు చూడు" అని కట్ట కాగితాలు నా చేతిలో పెట్టింది. జబ్బు పడ్డవాళ్ళ ఇళ్ళ వైపు తను వెళ్ళింది.

ఆ కాగితం మీద పెద్ద రాత పనేమీ ఉండదు. బావి నీళ్ళు తాగారా, గొట్టపు బావి నీళ్ళా, బయట కొన్నది ఏదైనా తిన్నారా, అంబలి తాగారా, చేప తిన్నారా. అవునంటే టిక్కు, కాదంటే ఇంటూ. నాలాంటి దానికి అంతకంటే ఎక్కువ ఇవ్వకూడదని ఆవిడకు తెలుసు.

మొదటి ఇంటి తలుపు కొట్టాను. కోడలు తీసింది. జుట్టు విరబోసుకుని ఉంది, కళ్ళు ఉబ్బి ఉన్నాయి.

"ఏటప్పా?" అంది. మా వైపు అక్కని అప్ప అంటారు.

"ఏటీ నేదమ్మా. మీ ఇంట్లో ఎవులికీ రోగం రానేదు గదా, ఎందుకు రానేదో కనుక్కుందారని..."

"మా మావ సచ్చి పది రోజులవనేదు. ఇంకా ఎవులికి రానేదా అని లెక్కెట్టడానికొచ్చినావా? నీ నోట్లో ఏటుందో గానీ, పో అప్పా, పో" అని తలుపు మూసేసింది.

నిజానికి నాకూ ఊరటగానే అనిపించింది. మైల ఇంట్లో అడుగుపెడితే తలస్నానం చేయాలి. అసలే ఎండ. వరసగా అన్ని ఇళ్ళు తిరిగి, ఆ తరవాత స్నానం చేసి, తడి జుట్టుతో జీపెక్కడం ఎందుకు? పైగా నాకు తెలియనిది ఏముంది? ఆ వీధిలో ఎవరి కొడుకు ఎప్పుడు పుట్టాడో, ఏ ఇంటి కోడలు ఏ ఊరి పిల్లో, ఎవరి వల ఏ తుఫానులో పోయిందో నిద్రలో లేపి అడిగినా చెప్పగలను. నా జ్ఞాపకశక్తి మీద నాకు అంత గర్వం. పోయి సరుగుడు తోటలో నీడన కూర్చుని, కాగితాలు ఒళ్ళో పెట్టుకుని, ఒక్కో ఇంటినీ తలుచుకుంటూ నింపేశాను.

మైల ఇంట్లో పొయ్యి వెలగదు. వియ్యాలవారు తెచ్చిన కూడు తప్ప బయటిది ముట్టరు. నా చిన్నతనమంతా చూసిందే. కాబట్టి అంబలికి ఇంటూ. పక్కింటికీ ఇంటూ. ఆ పక్కింటికీ ఇంటూ. అన్నీ ఒక్కలాగే ఉంటే డాక్టరమ్మకు అనుమానం వస్తుందని ఒక ఇంట్లో చేప తిన్నట్టు టిక్కు పెట్టాను. మైలలో నీచు తినరని గుర్తొచ్చి మళ్ళీ కొట్టేశాను. అబద్ధానికి కూడా ఆచారం పాటించాను చూడండి.

తిరిగి వస్తుంటే డ్రైవరు జీపు అద్దం తుడుస్తూ, "అప్పా, సరుగుడు తోటలో మైల ఈదే కట్టీసినావేటి? గోడలెట్టినావు గానీ మనుసుల్నెట్టినావా?" అన్నాడు.

"నీకెందుకు? నీ బండి నువ్వు తుడుసుకో" అన్నాను.

డాక్టరమ్మ మాత్రం, "ఇంత తొందరగా అయిపోయిందా!" అని నా భుజం తట్టింది. ఆ తట్టిన చోట దురద పెట్టినట్టయింది గానీ పట్టించుకోలేదు.

ఆవిడకు ఒక అలవాటు. తెల్ల కాగితం మీద నాలుగు గళ్ళు గీసేది. పడ్డవాళ్ళు, పడనివాళ్ళు, తిన్నవాళ్ళు, తిననివాళ్ళు. జీవితం సగం ఆ నాలుగు గళ్ళలోనే గడిపింది. ఆ సాయంత్రం కూడా గీసింది. పడ్డవాళ్ళలో నూటికి తొంభై మంది అంబలి తాగినవాళ్ళే. ఎండాకాలం, ఎవరు తాగరు? పడనివాళ్ళలో ఒక్కరంటే ఒక్కరు తాగలేదు. నీళ్ళ ప్రశ్నల్లో అందరూ సమానమే, చేప పడ్డవాళ్ళలోనూ కొందరే తిన్నారు.

ఆవిడ ఆ గళ్ళ వంక చాలాసేపు చూసింది. "ఇంత శుభ్రంగా తేలిన లెక్క నాకు ఎప్పుడూ నచ్చదు మాఉసీ" అంది. కానీ లెక్క లెక్కే. నీళ్ళ సంగతి పరీక్షలో తేలేదాకా అంబలి అమ్మకం ఆపమని ఊరి పెద్దలకు చెప్పక తప్పలేదు.

ఊళ్ళో అంబలి అమ్మేది ఒక్కతే. రేవులో తాటాకు పాక కింద చోడి అంబలి కుండ పెట్టుకుని కూర్చునే ముసలమ్మ. చోడి అంటే రాగులే. భర్త సముద్రంలో పోయాడు, పిల్లలు లేరు. వరస ఏదైనా ఊరంతటికీ పెద్దమ్మే. తెల్లారి సముద్రం మీదికి వెళ్ళేవాళ్ళు ఆవిడ చేతి ముంత తాగి వెళ్ళేవాళ్ళు, తిరిగొచ్చినవాళ్ళు వల దించకముందే మళ్ళీ తాగేవాళ్ళు. చుట్టను మండే కొస నోట్లోకి పెట్టుకుని పీలుస్తూ, ఆ చుట్ట తీయకుండానే తిట్టగలిగిన మనిషి.

కొత్తగా పడవ కొన్న పెద్దమనిషి ఒకాయన ఊళ్ళో ఉన్నాడు. రోగం వచ్చిన మొదటి రోజు నుంచీ, "ఆ ముసల్దాని కుండేరా, నాను సెప్పినాను గదా" అని ఆయన అరుస్తూనే ఉన్నాడు. ఇప్పుడు డాక్టరమ్మ మాట కూడా తోడయ్యేసరికి ఇంకెవరూ ఆగలేదు. పొద్దున్నకి పెద్దమ్మ పొయ్యిలో ఇసక పోశారు. కుండ పరీక్షకని పట్టుకుపోయారు. ఆ పాక తీసేయాలనీ, ఆవిడ ఇంక రేవులో కనబడకూడదనీ తీర్మానించారు. ఆ వయసులో ఇంకెక్కడికి పోతుంది, ఏం చేస్తుంది?

మధ్యాహ్నం ఛత్రపూర్‌లో పెద్ద ఆఫీసర్ల మీటింగు. డాక్టరమ్మ అక్కడ తన నాలుగు గళ్ళు చదవాలి. చదివితే ఊళ్ళో అనుకున్న మాట సర్కారు మాట అయిపోతుంది. బయల్దేరేముందు నేను పెద్దమ్మ గుడిసెకు వెళ్ళాను. పలకరిద్దామనే వెళ్ళాను.

"రాయే రా, అడిగీదానా" అంది గుమ్మంలో కూర్చుని. "ఊరందర్నీ అడిగినావట. నన్ను మాత్రం ఏటీ అడగనేదు."

"అలగ కాదు పెద్దమ్మా. పడినోల్లందరూ నీ అంబలి తాగినోల్లే..."

"పడినోల్లు తాగినారు, సరే. పడనోల్లో? ఆ మైలీదికి పొద్దొక కుండ, సందేల ఒక కుండ పంపినాను. ఆల్ల పొయ్యి ఎలగనేదు. వియ్యాలోల్లు మొదటి రోజు కూడు తెచ్చినారు, రెండో రోజు తెచ్చినారు, తరవాత పడవ పూజ పన్లో పడి మరిసిపోనారు. పసిగుంటలు ఆకలికి ఏడుస్తంటే ఎవులు సూస్తారు? నా అంబలే తాగినారు. ఆల్లకేటయినాది? రాయిలాగున్నారు. ఆ సంగతి నీ కాయితంలో ఉన్నాదా, నేదా?"

కాగితంలో ఉన్నదేమిటో నాకు తెలుసు. ఇంటూ, ఇంటూ, ఇంటూ. నా జ్ఞాపకం తప్పు కాదు. అది నా చిన్ననాటి మైల. నేను ఊరు వదిలి పాతికేళ్ళయింది. నేను లేనప్పుడు కూడా ఊరు నడుస్తుందని నాకు తట్టలేదు.

"ఏటే, దెయ్యం పట్టినట్టు నిలబడిపోనావు?" అంది పెద్దమ్మ. చెప్పలేక వచ్చేశాను.

జీపు కదిలింది. నా ఉద్యోగం అప్పటికింకా ఖాయం కాలేదు. ఆ ఖాయం చేసే కాగితం మీద సంతకం పెట్టాల్సింది ఈ డాక్టరమ్మే. నేను నోరు మూసుకుంటే ఎవరికీ తెలియదు. ముసలమ్మ మాట ఎవరు వింటారు? సరుగుడు తోట వచ్చేదాకా మూసుకునే కూర్చున్నాను. ఆ తోట కనబడేసరికి ఇంక ఆగలేకపోయాను.

"మేడమ్, ఆ మైలీది కాయితాలు నాను అడగనేదు."

"ఏటి?" అంది. వేరే రోజయితే ఆ "ఏటి"కి నేనూ డ్రైవరూ నవ్వు ఆపుకునేవాళ్ళం.

"తెలిసిందే గదా అని నానే రాసీసినాను. ఆల్లు అంబలి తాగినారట."

"ఎన్ని ఇళ్ళు?"

"పదకొండు."

"ఎన్ని ఇళ్ళు అడిగావు?"

"ఒక తలుపు కొట్టినాను. మూసీసినారు."

ఆవిడ కళ్ళజోడు తీసి చీర కొంగుతో తుడుచుకుంది. మళ్ళీ పెట్టుకుంది. మళ్ళీ తీసి తుడుచుకుంది. తిడితే బాగుండేది. చివరికి "బండి తిప్పు" అంది డ్రైవరుతో.

"నిన్ననే తిప్పమంటారనుకున్నాను మేడమ్" అన్నాడు వాడు.

"నీకూ తెలుసా?"

"తోటలో కూకుంటే సూసినాను. గాలికి కూకున్నాదేమో అనీసి..."

"గాలికి!" అంది డాక్టరమ్మ. "మీ ఇద్దర్నీ కళ్ళూ చెవులూ అనుకుని ఇన్నేళ్ళు ఊళ్ళు తిరిగాను."

ఛత్రపూర్‌కు ఫోను చేసి, లెక్క తప్పింది, ఇవాళ చదవలేనని చెప్పింది. అవతలివాళ్ళు ఏమన్నారో గానీ ఫోను చెవికి జానెడు దూరంగా పెట్టుకుని విన్నది.

మళ్ళీ అదే మొదటి ఇల్లు. ఈసారి డాక్టరమ్మ తలుపు కొట్టింది. కోడలు నన్ను చూసి ముఖం తిప్పుకుంది. డాక్టరమ్మ గుమ్మం దగ్గర నేల మీద కూర్చుంది. కాగితం తీయలేదు. "మీ మామగారు ఎలా పోయారమ్మా?" అని అడిగింది. అంతే. ఆ పిల్ల చెప్పడం మొదలుపెట్టింది. ఆయన ఎలాంటి ఈతగాడో, చివరి రోజున ఏ చేప కూర అడిగాడో, ఎవరి చేతి నీళ్ళు తాగి పోయాడో అంతా చెప్పింది. ఈవిడ వింటూ కూర్చుంది. నేను చెబుతున్నాను కదా, ముప్ఫయ్యేళ్ళ నా ఉద్యోగంలో ఎవరైనా నాకు పని నేర్పారంటే ఆ గుమ్మంలో నేర్పారు.

కాసేపయ్యాక ఆ పిల్ల తనే అంది. "తింటానికేటున్నాదమ్మా, అంబలే తాగినాం. మైలలో తాగకూడదని మా అత్త తిట్టినాది. గుంటలు ఆగుతారేటి? ఆ సంగతి ఈ అప్పకి సెప్తే ఊరంతా సెప్పీదని తలుపు మూసీసినాను." నా వైపు చూసి మరీ అంది.

"తప్పేం లేదమ్మా. పిల్లలు అంబలి కోసం ఏడ్చారా?"

"అంబలికెందుకేడుస్తారు, అది ఇచ్చినాం గదా. ఐసు పానకం కోసం ఏడ్సినారు."

డాక్టరమ్మ అప్పుడు పెన్ను తీసింది. "ఐసు పానకమా? అదేటి?"

"పడవ పూజనాడు పంచినారు గదా. బిందెల్లో ఐసు గడ్డలేసి. ఊరంతా తాగినారు. మైలోల్లం, మాకెవులిస్తారు?"

పదకొండు ఇళ్ళూ తిరిగాం. తొమ్మిది ఇళ్ళలో పెద్దమ్మ అంబలి తాగారు. ఒక్క ఇంట్లో కూడా పానకం చుక్క తాగలేదు. అక్కడి నుంచి బడి వరండాకు పరుగెత్తాం. చాప మీద పడుకున్న ఒకావిణ్ణి నేనే అడిగాను.

"పడవ పూజ పానకం తాగినావా?"

"తాగనేటి? రెండు లోటాలు తాగినాను."

"మరి బయట ఏటి తిన్నావంటే నిన్న సెప్పనేదేటి?"

"ఆ డాక్టరమ్మ తిండి గురించి అడిగినాది. అది పెసాదం గదే! పెసాదం తిండేటి?"

చాప మీద పక్కనున్నవాళ్ళందరూ తలలూపారు. పడ్డ ప్రతివాడూ తాగినవాడే.

పడవ పెద్దమనిషి దగ్గరికి వెళ్ళేసరికి ఆయన అరుగు మీద ఒంటరిగా కూర్చున్నాడు. ఇంట్లో ముగ్గురు పడ్డారు, మనవడితో సహా.

"పానకంలో ఐసు ఎక్కడిది బాబూ?" అంది డాక్టరమ్మ.

"ఎక్కడిదంటే? సేపల పెట్టెలకి తెప్పించిందే. బస్తాడు ఎక్కువే తెప్పించినాను. మంచి ఐసు."

"అది ఏ నీళ్ళతో చేస్తారో మీకు తెలుసా?"

"దేంతో సేస్తే ఏటి? సేప పాడవకుండా ఉంటాది. మనిసి పాడవుతాడేటి?"

"మీరు తాగారా?"

"నాకు సుగరు. నాను ముట్టనేదు..." అని ఆగిపోయాడు. ఇంట్లో నిలబడి ఉన్నది తానొక్కడే. మేం చెప్పకుండానే ఆయన ముఖం పాలిపోయింది. తలుపు వైపు చూశాడు, లోపలి నుంచి మనవడి మూలుగు వినబడుతోంది. మళ్ళీ మా వైపు చూడలేదు. పూజ చేసి, పిలిచి, బిందెలు మోయించి పంచినవాడు. మనసులో దురుద్దేశం ఏ కోశానా లేదు. డాక్టరమ్మ కూడా గొంతు తగ్గించి, "మిగిలిన ఐసు పారేయించండి. ఇంకెవరికీ కాకుండా ఉంటుంది" అని మాత్రం అంది. ఆ సాయంత్రమే పారేయించాడు. ఐసు తయారుచేసే చోట చూస్తే, మురికి కాలువ కలిసే చెరువు నీళ్ళు. నాలుగు రోజుల్లో వరండా ఖాళీ అయింది. ఆసుపత్రికి వెళ్ళిన ముసలివాళ్ళిద్దరూ తిరిగొచ్చారు.

ఛత్రపూర్‌లో ఆవిడ చదివిన రిపోర్టులో, "పదకొండు ఇళ్ళ జవాబులు అడగకుండా రాసినవి, తప్పు మా ఆఫీసుదే" అని ఉందట. నా పేరు లేదు. నాకు మాత్రం నెల్లాళ్ళు కాగితం ముట్టనివ్వలేదు. జీపులో మంచినీళ్ళ క్యాను మోయమంది. తరవాత నా ఉద్యోగం ఖాయం చేసింది. ఎందుకు చేశారని అడిగితే, "నువ్వు చేసిన తప్పు ఇంకెవరైనా చేస్తే నువ్వు వెంటనే పట్టేస్తావు" అంది. అది నిజం. సరుగుడు తోటల్లో కూర్చున్న కుర్రాళ్ళను ఎంతమందిని పట్టానో! ఆవిడ తరవాత రాజధానికి బదిలీ అయింది, పాఠాలు చెప్పింది, పెద్ద పెద్ద రోగాలొచ్చినప్పుడు టీవీలో కూడా కనబడింది. తల్లి మాత్రం చివరిదాకా "మందు ఎప్పుడిస్తావే?" అనే అడిగింది.

మీ చేతుల్లో ఇప్పుడు పలకల్లాంటి కంప్యూటర్లున్నాయి. గడి నింపకపోతే ముందుకు కదలదట. నింపితే కదులుతుంది కదా! ఎవరు చెబితే నింపావని అది అడగదు. జాగ్రత్త.

పెద్దమ్మ సంగతి ఇంకా చెప్పలేదు.

రిపోర్టులో ఆవిడ తప్పు లేదని తేలింది. కుండ తిరిగి ఇచ్చారు. పాక తీయలేదు. ఆవిడ పొయ్యిలో ఇసక తోడుకుని, అంబలి కాచుకుని, రేవులో కూర్చుంది. ఎవరూ రాలేదు. రిపోర్టు ఎవరు చదివారు? ఐసు గురించి విన్నారు, తలలూపారు, కానీ ఒకసారి కుండ మీద పడ్డ అనుమానం కడుపులోంచి పోదు. సముద్రం మీదికి వెళ్ళేవాళ్ళు ఆవిడ ముందు నుంచి తల పక్కకు తిప్పుకుని పోయారు. మూడు రోజులు కుండకు కుండ ఇసకలో పారబోసుకుంది.

ఆ రోగం పని మీద చివరిసారి ఊరు చూడ్డానికి వెళ్ళినప్పుడు డాక్టరమ్మ జీపులో నన్ను అడిగింది. "ఆవిడకు చెప్పావా?"

"నేదు మేడమ్."

"నాకు చెప్పావు. నాకు ఏం నష్టం జరిగింది? ఒక మీటింగు పోయింది." అని జీపు రేవు దగ్గర ఆపించింది.

నడిచి వెళ్ళాను. అటూ ఇటూ వలలు బాగుచేసుకుంటున్న మగవాళ్ళు, చేపల గంపలతో ఆడవాళ్ళు. పెద్దమ్మ కుండ మీద మూత పెట్టుకుని సముద్రం వైపు చూస్తోంది. నేను గట్టిగా, అందరికీ వినబడేలా చెప్పాను. అడగకుండా రాశానని, మైల వీధివాళ్ళు అంబలి తాగలేదని నేనే అబద్ధం పెట్టానని, అందువల్లే నింద కుండ మీద పడిందని.

ఆవిడ చుట్ట నోట్లోంచి తీసింది. చుట్ట తీసి తిట్టడం నేను అదే మొదటిసారి చూశాను. మా అమ్మనీ, మా అమ్మమ్మనీ, నాకు అయిదో తరగతి చెప్పిన మాస్టారినీ ఎవర్నీ వదల్లేదు. వలల దగ్గర సూదులు ఆగిపోయాయి. ఊపిరి తీసుకోవడానికి ఆగి, "ఎన్నిల్లు?" అంది.

"పదకొండు."

"కూకో."

కూర్చున్నాను. కుండ మూత తీసి, ముంత నిండా పోసి నా చేతిలో పెట్టింది. "ఎన్నిల్ల మీద అబద్దమాడినావో అన్ని ముంతలు తాగు. ఈల్లందరూ సూస్తారు. నీకేటయినా అయితే నా కుండది తప్పు. నేదా, నీ నోటిది."

"పెద్దమ్మా, పదకొండు ముంతలు పడతాయేటి ఈ పొట్టకి?"

"అబద్దాలు పట్టినాయి గదే, అంబలి పట్టదేటి?"

రేవంతా నవ్వింది. జీపులోంచి డ్రైవరు "తాగప్పా, గాలికి కూకున్నావు గదా" అని అరిచాడు. తాగాను. పుల్లగా, చల్లగా, చోడి పిండి వాసనతో, నిజంగానే బాగుంది. రెండోది తాగాను. మూడోదానికి త్రేన్పు వచ్చింది. అయిదో ముంతకు చెమటలు పట్టాయి. చేపల గంప పెట్టుకున్న ఒకావిడ, "ఓలమ్మ, దీని పొట్ట పగిలిపోద్ది. ఒక ముంత నాకిలగియ్యి పెద్దమ్మా, దీన్ని సూస్తంటే నాకే దాహమేస్తాంది" అని వచ్చి పక్కన కూర్చుంది. తాగి మూతి తుడుచుకుని, ఇంకొకటి అడిగింది. ఒక మగవాడు లేచి వచ్చాడు. వాడి వెనక ఇద్దరు.

ఎనిమిదో ముంత సగంలో ఆగి నేను ఊపిరి తీసుకుంటున్నాను. పెద్దమ్మ చుట్ట మళ్ళీ నోట్లోకి దూర్చుకుని, నా భుజం మీద గరిటెతో కొట్టింది.

"తొరగా తాగే. నీ ఎనకాల జనం నిలబడున్నారు."